గ్రీలా కొడుకులకు గిన్నెల మీదే కన్నెందుకు?

1746లో ఐస్‌లాండ్‌లో ఒక ఉత్తర్వు వచ్చింది. అప్పట్లో ఆ దీవి డెన్మార్క్ రాజు ఏలుబడిలో ఉండేది. దయ్యాల పేరు, యూల్ (క్రిస్మస్) వేళ వస్తారని చెప్పుకునే ‘యూల్ కుర్రాళ్ల’ పేరు చెప్పి పిల్లల్ని జడిపించకూడదని అందులో ఉంది. బూచాడి మీద ఉత్తర్వు వేయాల్సి వచ్చిందంటే ఆ భయం ఇళ్లలో ఎంతగా పాతుకుపోయిందో చూడండి.

ఈ కుర్రాళ్ల తల్లి గ్రీలా. 13వ శతాబ్దపు రాతల్లోనే ఆమె రాక్షసి. క్రిస్మస్‌తో ముడిపడింది మాత్రం 17వ శతాబ్దంలో. అల్లరి పిల్లల్ని గోతంలో వేసుకుపోయి వండుకు తింటుందని చెప్పేవారు. ఫారో దీవుల్లోనైతే ఆమె ఈస్టర్ ముందు ఉపవాస దినాల్లో, మాంసం కావాలని ఏడ్చే పిల్లల కోసం వస్తుంది. నా లెక్కలో అసలు కీలకం ఇదే: ఈ భయమంతా తిండి చుట్టూ అల్లుకున్నది.

కొడుకుల పేర్లే సాక్ష్యం. గరిటె నాకేవాడు, కుండ గీకేవాడు, ఆస్కస్లేకిర్ అనే గిన్నె నాకేవాడు. ఆస్కుర్ అంటే కీలుమూత ఉన్న చెక్క గిన్నె, ఎవరిది వారికే. ఇంటిల్లిపాదీ ఒకే గదిలో మంచాల మీద కూర్చుని తిని, అక్కడే పడుకునేవారు. తిన్నాక కుక్క నాకుతుందని గిన్నె నేల మీద పెడితే, మంచం కింద నక్కిన వీడు చెయ్యి చాచి లాగేస్తాడు. కెత్‌క్రోకుర్ అనే ఇంకొకడు పొగగూట్లోంచి పొడుగాటి కొక్కెం దించి మాంసం ఎత్తుకుపోతాడు. చివరివాడు కొవ్వొత్తుల దొంగ. మన మాటలోని ‘కొవ్వు’ అక్కడ అక్షరాలా నిజం: జంతువుల కొవ్వుతో చేసినవి కాబట్టి ఆకలేస్తే తినొచ్చు కూడా.

క్రిస్మస్‌కి వచ్చే మరో బూచి, యూల్ పిల్లిదీ ఇలాంటి లెక్కే. ఉన్ని పని పండగలోపు ముగించినవారికి కొత్త బట్ట దక్కేది. అది లేనివాణ్ని పిల్లి తినేస్తుందట.

ఈ కుర్రాళ్ల పేర్లు, సంఖ్య ఊరికో రకంగా ఉండేవి. 1862లో యోన్ అర్నాసన్ జానపద కథల సంపుటిలో 13 పేర్లు అచ్చయ్యాయి. 1932లో కవి యోహన్నెస్ ఊర్ కోట్లుమ్ పద్యంతో వరస స్థిరపడింది. డిసెంబర్ 12 నుంచి 24 దాకా రోజుకొకడు కొండ నుంచి దిగుతాడు. పిల్లలు కిటికీలో బూటు పెడతారు. బుద్ధిగా ఉంటే చిన్న కానుక, లేకుంటే బంగాళాదుంప. 25 నుంచి వచ్చిన వరసలోనే ఒక్కొక్కడు కొండకు మళ్లుతాడు. కొవ్వొత్తుల దొంగ వెళ్లేసరికి జనవరి 6.