చేప నిగనిగలాడుతున్నంత మాత్రాన పురుగు లేనట్టు కాదు: సాల్మన్ గైరోడాక్టిలస్ అపోహలు - వాస్తవాలు

చేపపిల్లల్ని ఒక హ్యాచరీ నుంచి మరో హ్యాచరీకో, నదిలోకో తరలించే ముందు తరచూ వినిపించే మాట ఒకటుంది: "చేప చూడండి, ఎంత చురుగ్గా ఉందో! మేత బాగా తింటోంది, చావులు లేవు. ఇంకా పరీక్ష దేనికి?" సాల్మన్ చేప చర్మం మీద బతికే గైరోడాక్టిలస్ సలారిస్ అనే చదును పురుగు విషయంలో ఇంతకన్నా ఎక్కువ నష్టం చేసిన మాట లేదు. నార్వేలో దాదాపు యాభై నదులకు ఈ పురుగు పాకింది. దాన్ని మోసుకొచ్చినవి జబ్బుతో తేలిపోతున్న చేపలు కావు, చూడ్డానికి ఏ లోపమూ లేని చేపలు. అందుకే మిగతా అపోహలకన్నా దీని గురించే ఎక్కువ చెప్పాలి.

అపోహ: చేప ఆరోగ్యంగా ఉంటే పురుగు లేదు.

పురుగు ఉందా లేదా అన్నది ఒక ప్రశ్న, దాని వల్ల చేప జబ్బు పడుతుందా అన్నది వేరే ప్రశ్న. రెండో దానికి జవాబు ఆ చేప ఏ జాతిది, ఏ నది సంతతిది అన్నదాని మీద ఆధారపడుతుంది. బాల్టిక్ సముద్రంలో కలిసే నదుల సాల్మన్ ఈ పురుగుతో వేల ఏళ్లుగా కలిసి బతుకుతోంది. బాల్టిక్‌లో కలిసే నీవా నది సంతతి మీద పురుగు వదిలితే మొదట సంఖ్య పెరుగుతుంది, తర్వాత చేప ఒంట్లోని రక్షణ వ్యవస్థ మేలుకుని దాన్ని కిందికి లాగేస్తుంది. చేప బతుకుతుంది. దాని మీద కొన్ని పురుగులూ మిగులుతాయి. అట్లాంటిక్ వైపు నదుల్లోని నార్వే సాల్మన్‌కు ఆ రక్షణ లేదు. పురుగుల సంఖ్య పెరుగుతూనే పోతుంది. వేలెడంత పిల్ల మీద వేల పురుగులు చేరి చివరికి చంపేస్తాయి.

ఈ పురుగును మాల్మ్‌బెర్గ్ అనే శాస్త్రవేత్త 1957లో స్వీడన్‌లోని హోల్లె హ్యాచరీ సాల్మన్ మీద గుర్తించి వర్ణించాడు. అక్కడి చేపలకు అది పెద్ద సమస్య కాదు. 1970ల్లో స్వీడన్ నుంచి వచ్చిన పిల్లలతో పాటు అది నార్వే చేరింది. అక్కడ మొదటిసారి బయటపడింది 1975లో. పురుగు చేరిన నార్వే నదుల్లో సాల్మన్ పిల్లల సాంద్రత సగటున 86 శాతం పడిపోయింది. రష్యాలో తెల్లసముద్రంలో కలిసే కెరెత్ నదిలో 1992లో కనిపించాక అక్కడా ఇదే కథ నడిచింది. పంపినచోట హాని చేయని పురుగు దిగినచోట నదినే ఖాళీ చేసింది.

సాల్మన్‌కు బంధువైన రెయిన్‌బో ట్రౌట్ అనే చేప దగ్గర ఈ మోసం ఇంకా ఎక్కువ. దాని మీద పురుగు ఏ లక్షణమూ చూపకుండా నెలల తరబడి బతికి సంతానాన్ని పెంచుకుంటుంది. చెరువు నుంచి చెరువుకు, జిల్లా నుంచి జిల్లాకు ట్రౌట్ పిల్లలు తిరిగే వ్యాపారంలో ఒక్క మచ్చ కూడా కనిపించకుండా పురుగు ప్రయాణిస్తుంది. "మా దగ్గర సాల్మన్ లేదు, ట్రౌట్ మాత్రమే ఉంది కాబట్టి మాకు సంబంధం లేదు" అనేవాళ్లు ఇక్కడే పొరబడుతున్నారు.

ఆర్కిటిక్ చార్ అనే మరో చేప కూడా ఇలాంటి మోతగాడే. ఉత్తర నార్వేలో వెఫ్స్నా ప్రాంతాన్ని శుద్ధి చేసేటప్పుడు నదులతో పని పూర్తి కాలేదు. ఫుస్ట్‌వాట్నెట్ సరస్సులోని చార్ మీద పురుగు ఉంది. సాల్మన్ నదిని ఎంత శుభ్రం చేసినా పైనున్న సరస్సు నుంచి మళ్లీ కిందికి దిగుతుంది కదా. అందుకే 2012లో ఆ సరస్సును, దాని పక్కనున్న మరో రెంటిని కూడా మందుతో శుద్ధి చేయాల్సి వచ్చింది. చార్ మీద బతికే రకాల్లో కొన్ని సాల్మన్‌కు హాని చేయవన్నది నిజం. కానీ ఏ రకం హాని చేస్తుందో, ఏది చేయదో చేపను చూసి చెప్పడం ఎవరి వల్లా కాదు.

ఒక్క పురుగు చాలు అన్నది కూడా గుర్తుంచుకోవాలి. దీని పొడవు అర మిల్లీమీటరు. వెనక చివర అతుక్కునే పళ్లెంలో మధ్యన రెండు పెద్ద కొక్కేలు, అంచు చుట్టూ 16 చిన్న కొక్కేలు ఉంటాయి. ఇది గుడ్లు పెట్టదు, నేరుగా పిల్లనే కంటుంది. తల్లి కడుపులో పిల్ల, ఆ పిల్ల కడుపులో అప్పటికే మరో పిల్ల ఉంటుంది. మొదటి కాన్పులకు జతకట్టాల్సిన పని లేదు. మధ్యలో ఆశ్రయమిచ్చే నత్త లాంటి మరో జీవి కూడా అక్కర్లేదు. అంటే ట్యాంకులో ఒకే ఒక చేప మీద ఒకే ఒక పురుగు దిగినా, దానికది ఒక పూర్తి మంద.

మరి ఎలా తేల్చుకోవాలి? పరీక్షతోనే, అదీ సరైన సంఖ్యలో చేపలతో. "పది చేపలు చూశాం, ఏమీ లేదు" అన్న మాట విని నిశ్చింతగా ఉండకూడదు. పెద్ద మందలో నూటికి రెండు చేపల మీద పురుగు ఉందనుకుందాం. పది చేపలు తీస్తే వాటిలో ఒక్కటి కూడా పురుగున్నది రాకపోయే అవకాశం 82 శాతం. అదే స్థాయి సోకును 95 శాతం నమ్మకంతో పట్టుకోవాలంటే 150 చేపలు చూడాలి.

నమూనా తీయడంలోనే చాలామంది పురుగును పోగొడతారు. చేపను గుడ్డతో తుడవకూడదు, ఎండనివ్వకూడదు, జిగురు రాలేలా పట్టుకోకూడదు. పురుగు ఉండేది ఆ జిగురున్న చర్మం మీదే. చేపనుగానీ కోసిన రెక్కలనుగానీ వెడల్పు మూతి సీసాలో, 96 శాతం ఇథనాల్‌లో వేయాలి. కణజాలం ఒక పాలైతే ఇథనాల్ కనీసం తొమ్మిది పాళ్లుండాలి. తక్కువ పోస్తే చేపలోని నీరు కలిసి గాఢత 70 శాతం కిందికి పడిపోతుంది, చర్మం విడిపోతుంది, పురుగులు రాలిపోతాయి. ఇరుకు మూతి సీసాలో చేపను కుక్కితే గాజు అంచే పురుగుల్ని గీకేస్తుంది. కణజాలం గట్టిపడేదాకా సీసాను పడుకోబెట్టి ఉంచండి. ఫార్మలిన్‌లో వేస్తే డీఎన్‌ఏ పాడవుతుంది, తర్వాత జాతి తేల్చడం కష్టం.

జాతి తేల్చడం ఎందుకంటే, ట్రౌట్ మీద, గ్రేలింగ్ అనే మరో చేప మీద ఇదే కుటుంబానికి చెందిన వేరే పురుగులు మామూలుగానే ఉంటాయి. గ్రేలింగ్ మీద ఉండే గైరోడాక్టిలస్ థైమల్లీ అయితే సలారిస్‌కు అచ్చం అక్కచెల్లెలే. సూక్ష్మదర్శినిలో ఒక పురుగు కనిపించగానే కంగారుపడి మందంతా చంపేయాల్సిన పని లేదు. కొక్కేల ఆకారం, డీఎన్‌ఏ రెండూ చూశాకే అది ఏదో ఖాయమవుతుంది. ఫలితం వచ్చేదాకా ఒక్క చేప కూడా కదలకూడదు, అంతే.

అపోహ: మందునీటి స్నానం చేయిస్తే పోతుంది.

ఫార్మలిన్ స్నానం పురుగుల సంఖ్యను తగ్గిస్తుంది, చేపకు కాస్త ఊపిరి ఆడుతుంది. నిర్మూలన మాత్రం కాదు. రెక్క మొదట్లోనో నోటి దగ్గరో మిగిలిన ఒక్క పురుగు మళ్లీ మందను కడుతుంది. స్నానం తర్వాత చేసిన పరీక్షలో ఏమీ కనబడలేదని ఆ చేపల్ని అమ్మడం అన్నిటికన్నా ప్రమాదకరం. అప్పుడు సంఖ్య పట్టుకోలేనంత తక్కువగా ఉంటుంది, పురుగు లేకుండా పోదు. దీనికి టీకా లేదు.

అపోహ: ఇది మంచినీటి పురుగు, సముద్రం అడ్డుగోడ.

సగం నిజం. పూర్తి ఉప్పున్న సముద్రపు నీటిలో ఇది నిమిషాల్లో చస్తుంది. కానీ ఫియోర్డ్‌లో, అంటే కొండల మధ్యకు చొచ్చుకొచ్చిన సన్నని సముద్రపు పాయలో, పై పొర అంత ఉప్పగా ఉండదు. వసంతంలో మంచు కరిగి నదులు పొంగినప్పుడు తేలికైన మంచినీరు పైన పరచుకుంటుంది. సరిగ్గా అదే సమయంలో సాల్మన్ పిల్లలు స్మోల్ట్‌గా మారి సముద్రం దారి పడతాయి. 5 పీపీటీ (లీటరు నీటికి సుమారు 5 గ్రాముల ఉప్పు) లవణీయతలో పురుగు మామూలుగానే పెరుగుతుంది. 10 పీపీటీలో చల్లని నీరైతే రోజుల తరబడి, 20 పీపీటీలో కూడా గంటల తరబడి బతకగలదు. ఆ వ్యవధిలో పక్క నది మొగలోకి చేప దూరితే చాలు. ఒకే ఫియోర్డ్‌లో కలిసే నదులు ఒకదాని వెంట ఒకటి సోకింది ఇలాగే. అందుకే ఒక్క నదిని విడిగా శుద్ధి చేయరు, ఆ ఫియోర్డ్‌లోకి వచ్చే సోకిన నదులన్నిటినీ ఒక ప్రాంతంగా లెక్కవేస్తారు.

బతికున్న చేపల్ని ఇతర ప్రాంతాలకు పంపేటప్పుడు పెట్టే షరతు కూడా ఈ లెక్కలోంచే వచ్చింది: కనీసం 25 పీపీటీ నీటిలో, మధ్యలో తెగకుండా, కనీసం 14 రోజులు. "పది రోజులుంచాం, మధ్యలో ఒకరోజు వాన నీళ్లు కలిశాయి" అంటే లెక్క మళ్లీ ఒకటో రోజు నుంచే.

అపోహ: రోటెనోన్ పురుగుల మందు.

సోకిన నదుల్ని శుద్ధి చేయడానికి వాడే రోటెనోన్ చంపేది చేపను. మొప్పల ద్వారా లోపలికి వెళ్లి కణాలు ఆక్సిజన్ వాడుకోకుండా అడ్డుకుంటుంది. చేప లేకపోతే పురుగుకు ఇల్లు లేదు, అందుకని అదీ పోతుంది. నది పొడవునా చచ్చిన చేపల్ని చూసి జనం బాధపడటంలో తప్పు లేదు. ఆ నది సాల్మన్ సంతతిని ముందే జీన్‌బ్యాంక్‌లో (చేపల వంశాలను కాపాడే కేంద్రంలో) భద్రపరిచి, తర్వాత గుడ్లుగానో పిల్లలుగానో తిరిగి వదులుతారన్నది వాళ్లకు చెప్పాలి. నేరుగా పురుగును చంపేది నీటిలో కరిగిన అల్యూమినియం. తగిన మోతాదులో రోజుల తరబడి ఆపకుండా ఇస్తే పురుగు చస్తుంది, చేప బతుకుతుంది. నార్వేలోని లార్‌దాల్ నదిలో 2011, 2012లలో ఆ పద్ధతే వాడారు, 2017లో ఆ నది పురుగు లేనిదని ప్రకటించారు. ఆమ్లత్వం, ప్రవాహం మారినప్పుడల్లా మోతాదు సరిచూసుకోవాలి. పక్క గుంటలకు, ఊటలకు మందు అందకపోతే శ్రమంతా వృథా. అందుకే అలాంటి మూలల్లో రోటెనోన్ కూడా వాడతారు. శుద్ధి అయ్యాక ఏళ్ల తరబడి నిఘా ఉంచాకే ప్రకటన వస్తుంది. మొదటి ఏడాది పిల్లలు శుభ్రంగా కనిపించాయని సంబరపడటం తొందరపాటు.

అపోహ: మనుషులకు సోకుతుంది.

సోకదు. ఇది చేప చర్మం మీద బతికే పురుగు, మనిషి ఒంట్లో బతకలేదు. సాల్మన్ తిన్నవాళ్లు భయపడనక్కర్లేదు. ఈ పుకారు ఎన్నిసార్లు కొట్టేసినా మళ్లీ లేస్తోంది.

అపోహ: గాలమూ బూట్లూ ఏం మోస్తాయి?

చేప మీద నుంచి రాలిన పురుగు ఎంతసేపు బతుకుతుందో చూడండి: 19 డిగ్రీల నీటిలో సుమారు 24 గంటలు, 13 డిగ్రీల్లో 54, 7 డిగ్రీల్లో 96, 3 డిగ్రీల్లో 132 గంటలు. చచ్చిన చేప మీద ఇంకా ఎక్కువ, 3 డిగ్రీల్లో 365 గంటల దాకా. అంటే పదిహేను రోజులు. ఒక నదిలో పట్టిన చేపను మరో నది ఒడ్డున శుభ్రం చేసి పేగులు, చర్మం నీళ్లలో పారేయడం ఎంత ప్రమాదమో ఈ అంకెలే చెబుతాయి. తడి వల, బూటు అడుగున నానిన ఫెల్ట్ (ఉన్ని లాంటి మందపాటి పొర), పడవ అడుగున నిలిచిన నీళ్లు, చేపలుంచే సంచి, ఇవన్నీ వాహనాలే.

నది మారే ముందు కింది వాటిలో ఏదో ఒకటి చేస్తే చాలు:

- 20 డిగ్రీలకు తగ్గని చోట కనీసం రెండు రోజులు పూర్తిగా ఆరబెట్టడం. మడతల్లో, కుట్లలో తడి మిగిలితే ఆరనట్టే.
- 60 డిగ్రీలకు పైన కనీసం ఒక గంట వేడి చేయడం.
- డీప్ ఫ్రీజర్‌లో కనీసం ఒక రోజు ఉంచడం.
- 3 శాతం ఉప్పునీటిలోనో, 1 శాతం విర్కాన్ (క్రిమిసంహారక మందు) ద్రావణంలోనో కనీసం 10 నిమిషాలు ముంచి ఉంచడం. 10 లీటర్ల నీటికి 300 గ్రాముల ఉప్పు. గుప్పెడు చల్లి కలిపితే సరిపోదు, తూచండి.

మంచినీళ్ల గొట్టంతో కడిగేయడం ఈ జాబితాలో లేదు. పురుగుకు అది సొంత నీరే.

గుడ్ల గురించి రెండు ముక్కలు. పురుగు సాల్మన్ గుడ్ల మీద బతకదు, కానీ గుడ్లతో వచ్చిన నీటిలో ఉండొచ్చు. కంటిచుక్క వచ్చిన (లోపలి పిల్ల కళ్లు చుక్కల్లా కనిపించే) గుడ్లను 100 పీపీఎం అయోడిన్‌లో కనీసం 10 నిమిషాలు ఉంచాలి, పీహెచ్ 6 నుంచి 8 మధ్య ఉండాలి. వచ్చిన డబ్బాలను, నీళ్లను ట్యాంకుల దగ్గరికి రానివ్వకూడదు.

ఇక నది ఒడ్డు దగ్గర చేపపిల్లలు రాళ్లకు ఒళ్లు రుద్దుకుంటుంటేనో, జిగురు ఎక్కువై ఒళ్లు బూడిదరంగుకు తిరిగితేనో, రెక్కలు చిరిగి దూదిలాంటి బూజు పట్టితేనో అది ఈ పురుగు వల్లే అని చెప్పలేం, కాదనీ చెప్పలేం. ఆ చేపను మరో నీటిలోకి వదలొద్దు, ఇంటికి తెచ్చి తొట్టిలో వేయొద్దు. ఇథనాల్ సీసాలో వేసి, నది పేరు, తేదీ, తీసిన చోటు పెన్సిల్‌తో కాగితం మీద రాసి సీసా లోపలే పెట్టండి. పెన్ను సిరా ఇథనాల్‌లో కరిగిపోతుంది. తర్వాత ఆ దేశపు చేపల ఆరోగ్య అధికారులకు అందించి, బూట్లు, వల శుద్ధి చేశాకే అక్కడి నుంచి కదలండి.