ఇంటిపేరు ముందా, వెనకా? రెండు గడుల ఫారం తెచ్చిన తంటా

అడ్మిషన్ల సీజన్ వచ్చిందంటే పేర్ల పంచాయితీ కూడా వచ్చినట్టే. పదో తరగతి మెమోలో ఒకలా, ఆధార్‌లో ఒకలా, పాన్ కార్డులో ఇంకోలా. చివరికి నోటరీ దగ్గరికి పోయి, స్టాంపు పేపరు మీద ‘పై మూడు పేర్లు గల వ్యక్తిని నేనే’ అని ప్రమాణం చేసి సంతకం పెట్టాలి. ఆ సంతకం మూడు పేర్లలో ఏ పేరుతో పెట్టాలన్నది మళ్లీ ఇంకో టెన్షన్. ఫారం సరిగా నింపలేదని ఆఫీసు అంటుంది, ఆపరేటరు తప్పు కొట్టాడని తల్లిదండ్రులు అంటారు. అసలు చిక్కు ఆ ఇద్దరికంటే ముందే మొదలైంది.

తెలుగు ఇంటిపేర్లు ఊళ్ల నుంచి, వృత్తుల నుంచి, బిరుదుల నుంచి, చెట్టూ పుట్టా నుంచి వచ్చాయన్నది అందరికీ తెలిసిందే. రామప్ప గుడి కట్టించిన రేచర్ల రుద్రుడి కాలానికే, అంటే 1213 నాటికే, వంశం పేరు ముందు, మనిషి పేరు వెనక అనే వరస ఉంది. బమ్మెర పోతనదీ అదే వరస. ఆ చరిత్ర జోలికి ఇక్కడ పోనక్కర్లేదు. ఇవాళ్టి గొడవ అర్థం కావాలంటే కాస్త వ్యాకరణం చూస్తే చాలు.

తంగుటూరు ఊరి పేరు, తంగుటూరి ఇంటిపేరు. నందమూరు ఊరు, నందమూరి ఇంటిపేరు. చివరి ‘రు’ పోయి ‘రి’ వచ్చింది. ఊరు అనే మాట ‘ఊరి చెరువు’లో ఎలా మారుతుందో ఇక్కడా అలాగే మారింది. పాడు అయితే పాటి అవుతుంది. పురం అయితే పురపు అవుతుంది, క్రికెటర్ వి.వి.ఎస్. లక్ష్మణ్ ఇంటిపేరు వంగిపురపు అయినట్టు. యజ్ఞాలు చేసిన వంశం సోమయాజులు, ఇంటిపేరు సోమయాజుల. పల్లి, కొండ లాంటివి పైకి మారినట్టు కనబడవు గానీ పనిచేసే తీరు అదే. అంటే తెలుగు ఇంటిపేరు చాలాసార్లు తనంతట తాను నిలబడే మాట కాదు. ‘ఫలానా ఊరి’, ‘ఫలానా వారి’ అంటూ వెనక వచ్చే పేరును పట్టుకుని వేలాడే విశేషణం. ‘తంగుటూరి ప్రకాశం’ అంటే తెలుగు. ‘ప్రకాశం తంగుటూరి’ అంటే వాక్యం మధ్యలో ఆగిపోయినట్టుంటుంది, తంగుటూరి... ఎవరు, ఏమిటి అని అడగాలనిపిస్తుంది.

ఇంటిపేరుకు నిఘంటువులో అర్థం వెతికేవాళ్లు బోల్తా పడేదీ ఇక్కడే. బెల్లంకొండ వారికీ బెల్లానికీ చుట్టరికం కలిపేస్తారు. బెల్లంకొండ అనేది కోట ఉన్న ఊరు. కాకర్ల అనగానే కాకరకాయ గుర్తొస్తుంది. త్యాగరాజు పూర్వీకులది కాకర్ల అనే ఊరు. ఇంటిపేరు ‘అర్థం’ చాలావరకు ఒక చిరునామా. మోక్షగుండం విశ్వేశ్వరయ్య పుట్టింది కర్ణాటకలోని ముద్దేనహళ్లిలో. పూర్వీకులు ప్రకాశం ప్రాంతంలోని మోక్షగుండం వదిలి వెళ్లినా చిరునామా మాత్రం పేరు ముందు అలాగే ఉండిపోయింది.

తర్వాత వచ్చింది పొడి అక్షరాల కాలం. ఇంగ్లిషు దొరల కచేరీల్లో, కాలేజీ రికార్డుల్లో ఇంటిపేరు కుదించుకుపోయి ఒక అక్షరం, ఒక చుక్కగా మిగిలింది. మద్రాసు రాజధానిలో ఆ చుక్క పెద్ద మాయ చేసింది. తమిళుల పేరు ముందున్న అక్షరం మామూలుగా తండ్రి పేరుది, తెలుగువాళ్లది ఇంటిపేరుది. చూడటానికి మాత్రం రెండూ ఒకటే. 1953 వరకూ ఈ రెండు పద్ధతులూ ఒకే ప్రభుత్వం ఫైళ్లలో పక్కపక్కనే నడిచాయి.

ఈ పొడి అక్షరాల పద్ధతిని వెక్కిరించేవాళ్లు ఉన్నారు గానీ, దాంతో ఇబ్బంది పడ్డవాళ్లు తక్కువ. మాజీ రాష్ట్రపతి ఎస్. రాధాకృష్ణన్, ఆయన కొడుకు, చరిత్రకారుడు ఎస్. గోపాల్. చివరి మాటే ఇంటిపేరనుకునే దేశంలో ఈ ఇద్దరూ ఒకరికొకరు ఏమీ కారు. సర్వేపల్లి అనే ఊరు ఆ ‘ఎస్’లో దాగి ఉందని మనవాళ్లకు ఎవరూ చెప్పక్కర్లేదు.

మరి ఎక్కడ తిరగబడింది? నా లెక్కలో పేరును రెండు గడులుగా కోసిన రోజున. అంతర్జాతీయ పౌర విమానయాన సంస్థ 1980లో డాక్ 9303 పేరుతో, యంత్రం చదివే పాస్‌పోర్టుకు నియమాలు అచ్చేసింది. మీ పాస్‌పోర్టు ఫొటో పేజీ అడుగున రెండు వరుసలుంటాయి, చూడండి. ఒక్కో వరుసకు 44 అక్షరాలు. పై వరుసలో పత్రం గుర్తు, దేశం కోడ్ పోగా పేరుకు మిగిలేది 39. అందులో ముందు ఇంటిపేరు, తర్వాత బాణం మొనల్లాంటి రెండు గుర్తులు, ఆ తర్వాత సొంత పేరు. ఆ రెండు బాణం మొనల మధ్యే మన పేరు విరిగింది. 2015 నవంబరు 24 తర్వాత యంత్రం చదవలేని పాస్‌పోర్టులకు కాలం చెల్లింది కాబట్టి ఇక తప్పించుకునే దారి కూడా లేదు.

ఇక్కడ ఒక మాట చెప్పుకోవాలి. ఆ నియమావళి మరీ అంత మొండిది కాదు. పేరులో ఏ భాగం ముఖ్యమైనదో పాస్‌పోర్టు ఇచ్చే దేశమే తేల్చుకోవచ్చంది. విడదీయలేని పేరైతే మొత్తాన్నీ ఒకటిగానే రాయమంది. పైగా యంత్రం వరసలో ముందుండేది ఇంటిపేరే, అచ్చం మనలాగే! తేల్చుకోవాల్సిన పని మన ఫారాలు తయారుచేసినవాళ్లది. వాళ్లు తలా ఒక రకంగా తేల్చారు.

ఎలాగంటే, ఒకే మాట పేరుగా ఉన్న మనిషి ఏళ్ల తరబడి వాడుకలో ఉన్న పాన్ దరఖాస్తు 49ఏ నింపాలంటే, ఆ మాటను ఇంటిపేరు గడిలో రాసి మిగతావి ఖాళీగా వదలాల్సి ఉండేది. అదే మనిషి పాస్‌పోర్టుకు పోతే ఆ మాటను సొంత పేరు గడిలో రాసి ఇంటిపేరు ఖాళీగా వదలాలి. రెండు కార్డులూ ఇచ్చేది ఒకే కేంద్ర ప్రభుత్వం. ఆధార్‌లో మాత్రం పేరుకు ఒకటే వరుస, గడులు లేవు. మన పేర్లకు సరిపోయేది నిజానికి అదొక్కటే. తీరా ఆధార్‌ను మిగతా రెండింటితో పోల్చి చూడటం మొదలుపెట్టాక దాని మంచితనం కూడా నేరమైపోయింది.

ఒక అమ్మాయిని ఊహించుకోండి, పొన్నలూరి సాయి ప్రసన్న. మెమోలో ‘పి. సాయి ప్రసన్న’. ఆధార్‌లో ‘పొన్నలూరి సాయి ప్రసన్న’. పాన్‌కు పొడి అక్షరం పనికిరాదు, విడమరిచి రాయాలి, ఇంటిపేరు గడి వేరు. కార్డు చేతికొచ్చేసరికి ‘సాయి ప్రసన్న పొన్నలూరి’. పాస్‌పోర్టు దగ్గర నెట్ సెంటర్ కుర్రాడు ‘చివరి మాటే సర్‌నేమ్’ అన్న సూత్రం పట్టుకుని ‘ప్రసన్న’ను ఇంటిపేరు చేశాడు. నాలుగు కార్డులు, ముగ్గురు నలుగురు మనుషులు. పాన్‌ను ఆధార్‌తో జోడించడానికి 2023 జూన్ 30 ఆఖరు గడువు అన్నప్పుడు, పేరు కలవక ఆగిపోయినవాళ్లలో ఇలాంటివాళ్లూ ఉన్నారు. వెయ్యి రూపాయల ఆలస్య రుసుము కట్టడానికి సిద్ధపడ్డా కంప్యూటర్ ‘సరిపోలలేదు’ అనే అంటుంది.

ఇంటిపేరు గడి ఖాళీగా వదిలినవాళ్ల కథ ఇంకా విడ్డూరం. అమెరికా వీసా మీద వాళ్ల పేరంతా ఇంటిపేరు గడిలోకి జరిగిపోతుంది. సొంత పేరు ఉండాల్సిన చోట ‘ఎఫ్ఎన్‌యూ’ అని పడుతుంది, అంటే ‘మొదటి పేరు తెలియదు’ అని. అమ్మా నాన్నా ముహూర్తం చూసి, బియ్యంలో రాయించిన పేరది. తెలియకపోవడమేమిటి? అక్కడి డ్రైవింగ్ లైసెన్సు మీదా అదే ఎక్కితే క్లాసులో ఆ మూడక్షరాలతోనే పిలిచినా పలకాల్సి వస్తుంది. యూఏఈ 2022 నవంబరు 21 నుంచి పాస్‌పోర్టులో ఒంటి పేరే ఉన్నవాళ్లను విజిట్, టూరిస్ట్ వీసాల మీద రానివ్వబోమని చెప్పింది. తర్వాత, రెండో పేజీలో తండ్రి పేరో ఇంటిపేరో ఉంటే చాలని కాస్త సడలించింది. అప్పటి నుంచే మన ఊళ్లలో ‘సర్‌నేమ్ ఎక్కించుకోండి బాబూ’ అనే హడావుడి పెరిగింది.

ఆడవాళ్ల సంగతి దీనికి రెండింతలు. ఒకావిడ చదువు సర్టిఫికెట్లలో పుట్టింటి ఇంటిపేరు. 2010లో మొదలైన ఆధార్ నమోదు ఊరికి వచ్చేసరికి పెళ్లయి అత్తారింట్లో ఉంది కాబట్టి అందులో మెట్టినింటి ఇంటిపేరు. పెళ్లయ్యాక భర్త ఇంటిపేరు పెట్టుకుని తీరాలని ఏ చట్టంలోనూ లేదు. అయినా కౌంటర్‌లో కూర్చున్న మనిషి ‘పెళ్లయింది కదమ్మా, మార్చుకోలేదా?’ అని అడగడం మానడు. మార్చుకుంటే డిగ్రీ పట్టా ఆమెది కాకుండా పోతుంది, మార్చుకోకపోతే పిల్లల అడ్మిషన్ దగ్గర తల్లి అని రుజువు చేసుకోవాలి.

ఆఫీసుల వాదనా లేకపోలేదు. ఒకే మనిషి నాలుగు పేర్లతో నాలుగు ఖాతాలు తెరిస్తే పట్టుకోవాలంటే పేరు అక్షరం పొల్లుపోకుండా ఉండాలి, నిజమే. ఇంటిపేరు చెబితే కులం బయటపడుతుందని కావాలనే వదిలేసినవాళ్ల పేర్లు కూడా అదే ఫారంలో పట్టాలి, అదీ నిజమే.

అయితే వరస మార్చుకోవాల్సింది మనమేనా? జపాన్‌లోనూ ఇంటిపేరే ముందు. ఇంగ్లిషు అక్షరాల్లో రాసేటప్పుడు మాత్రం వందేళ్లకు పైగా తిరగేసి రాశారు. 2020 జనవరి 1 నుంచి ప్రభుత్వ పత్రాల్లో ఆ తిప్పడం మానేసి, ఏ లిపిలో రాసినా ఇంటిపేరే ముందు అన్నారు. అంతర్జాతీయ బ్యాడ్మింటన్ పట్టికల్లో మన పి.వి. సింధు పేరు ‘పుసర్ల వి. సింధు’ అనే వరసలో కనిపిస్తుంది, పుసర్ల అంతా పెద్ద అక్షరాల్లో. అక్కడ చైనా, కొరియా వాళ్ల మధ్య ఆ వరస ఎవరికీ వింతగా అనిపించలేదు.

ఇక్కడ మాత్రం మన సాయి ప్రసన్న ఆధార్‌లో పేరు మార్చుకోవాలనుకుంటోంది. జీవితం మొత్తం మీద రెండుసార్లే మార్చనిస్తారు. ఒకటి ఇప్పుడు మెమోకు సరిపోయేలా వాడేస్తే, పాస్‌పోర్టుకు సరిపోయేలా మార్చుకోవడానికి ఇంకొక్కటే మిగులుతుంది. పెళ్లి ఇంకా కాలేదు.