టార్జాన్ మీద బూతు పేరడీలు: అపోహలు – వాస్తవాలు

కాపీరైట్, ట్రేడ్‌మార్క్ వ్యవహారాలు చూసే లాయర్‌ని. అడవి కథల మీద తీసిన 'పెద్దలకు మాత్రమే' పేరడీల సంగతి వచ్చిందంటే ఈ మాటలు వినపడక మానవు.

అపోహ: టార్జాన్ పాత కథే కదా, ఎవరైనా తీసుకోవచ్చు.

వాస్తవం: సగం నిజం. ఎడ్గార్ రైస్ బరోస్ రాసిన తొలి టార్జాన్ కథ 1912లో వచ్చింది. అమెరికాలో దాని కాపీరైట్ ఎప్పుడో తీరిపోయింది. బరోస్ 1950లో చనిపోయారు. రచయిత పోయాక 60 ఏళ్లు అనేది మన లెక్క, కాబట్టి ఇక్కడా 2010తో గడువు అయిపోయింది. కానీ కథ వేరు, పేరు వేరు. 'టార్జాన్' అనే పేరు 1923లో బరోస్ పెట్టిన కంపెనీ ట్రేడ్‌మార్క్. వాడుతూ, రెన్యువల్ చేయించుకుంటూ ఉన్నంతకాలం దానికి చావు లేదు. ఆఖరికి ఆ అరుపు కూడా అమెరికాలో రిజిస్టర్ చేసిన మార్కే! యూరప్‌లో మాత్రం 2007లో కుదర్లేదు. దరఖాస్తులో పెట్టిన స్పెక్ట్రోగ్రామ్ (శబ్దాన్ని గీతల్లో చూపే బొమ్మ) చూసి అరుపును ఎవరు గుర్తుపడతారు అన్నారు అధికారులు. న్యాయమే.

అపోహ: పేరడీ అని చెప్పుకుంటే కోర్టు వదిలేస్తుంది.

వాస్తవం: ఏ దేశపు కోర్టు? 1975లో బెల్జియం, ఫ్రాన్స్ వాళ్లు కలిసి 'టార్జూన్' అని పెద్దల కార్టూన్ సినిమా తీశారు. బరోస్ వర్గం దావా వేస్తే ఫ్రాన్స్ కోర్టు ఇది పేరడీయే పొమ్మంది. అక్కడి చట్టంలోనే పేరడీకి మినహాయింపు రాసి ఉంది. అదే సినిమా 1979లో అమెరికాలో ఆడేసరికి పేరులోంచి 'టార్జూన్' ఎగిరిపోయి 'షేమ్ ఆఫ్ ద జంగిల్' మిగిలింది. తమాషా ఏమిటంటే, ఆ ఇంగ్లిష్ వెర్షన్‌లో హీరోకి గొంతు ఇచ్చింది జానీ వైస్‌ముల్లర్ జూనియర్, అంటే తెర మీద టార్జాన్‌గా పేరు మోసిన జానీ వైస్‌ముల్లర్ కొడుకే.

అపోహ: బూతు ఉంటే పేరడీ కింద రక్షణ దొరకదు.

వాస్తవం: పేరడీ మర్యాదగా ఉందా, మోటుగా ఉందా అన్నది లెక్కలోకి రాదని అమెరికా సుప్రీంకోర్టు 1994లో ఒక పాట కేసులో తేల్చింది. అసలుదాన్ని ఎద్దేవా చేస్తున్నారా, అందుకు కావలసినంతే తీసుకున్నారా అని చూస్తారు. మిక్కీ మౌస్‌తో బూతు కామిక్స్ వేసినవాళ్లు 1978లో ఓడిపోయింది బూతు వల్ల కాదు, బొమ్మల్ని ఉన్నదున్నట్టు దించేయడం వల్ల.

అపోహ: మన దగ్గరా ఇదే రూలు.

వాస్తవం: మన కాపీరైట్ చట్టం 52వ సెక్షన్‌లో విమర్శ, సమీక్ష ఉన్నాయి గానీ పేరడీ అనే మాటే లేదు. అక్కడ ఎలాగో వాదించి గట్టెక్కినా, ఆన్‌లైన్‌లో పెడితే ఐటీ చట్టం 67వ సెక్షన్ కింద అశ్లీలత కేసు విడిగా నడుస్తుంది.