రీళ్లు ఎవరివి? జపాన్‌ తగువులో మళ్లీ సుజుకీ పేరు

సినిమా తీసినవాడిదా, డబ్బు పెట్టినవాడిదా అన్న తగువు జపాన్‌లో లేచిన ప్రతిసారీ మాట దర్శకుడు సెయిజున్ సుజుకీ దగ్గరికే వస్తుంది. 2022 వెనిస్ సినిమా ఉత్సవంలో, బాగుచేసిన పాత చిత్రాల్లో ఉత్తమ బహుమతి ఆయన ‘బ్రాండెడ్ టు కిల్’కు దక్కింది. 1967లో విడుదలైన ఆ బొమ్మ తర్వాతే సినిమాలు తీసే నిక్కాట్సు కంపెనీ ఆయన్ని బయటికి పంపింది.

అప్పటికి ఆ కంపెనీకి 12 ఏళ్లలో 40 సినిమాలు తీసిపెట్టారు. ఎక్కువగా పెద్ద సినిమాకు జతగా వేసే రెండో బొమ్మలే. షూటింగుకు 25 రోజులు, ఆ తర్వాతి పనులన్నిటికీ కలిపి మూడు రోజులు. కథ, తారలు కంపెనీ ఇచ్చినవే కాబట్టి ఆయన చేతిలో మిగిలింది రంగు, సెట్టు, కటింగు. స్టోరీబోర్డు గీసుకునేవారు కాదు, ఆలోచనంతా సెట్టు మీదే. కావలసిన ముక్క తప్ప అదనంగా అడుగు ఫిల్మ్ తీయరు, అందుకే ఎడిటింగ్ ఒక్క రోజులో తేలిపోయేది. చిక్కూ అందులోనే ఉంది. మనిషి ఈ గదిలోంచి ఆ గదిలోకి ఎలా వచ్చాడో చూపే షాటు ఉండదు. పోనీ అతుకు వేద్దామన్నా మిగులు రీలు దొరకదు. ఉడుకుతున్న అన్నం వాసన పీలిస్తే తప్ప హుషారు రాని కిరాయి హంతకుడి కథ ‘బ్రాండెడ్ టు కిల్’ను అలా చుట్టేసి, విడుదలకు ముందురోజు జూన్ 14న పని ముగించారు. ఆయన శైలి అని మనం మెచ్చుకునే దాంట్లో సగం కంపెనీ పెట్టిన గడువు పుణ్యమే.

1968 ఏప్రిల్‌లో ఆఫీసు నుంచి ఫోనొచ్చింది: ఈ నెల జీతం రాదు. అంతే. అదే సమయంలో ఒక ఫిల్మ్ క్లబ్బు ఆయన సినిమాలు 37 వరసగా వేస్తామంటే కంపెనీ ప్రింట్లు ఇవ్వనంది. జూన్‌లో సుజుకీ కోర్టుకెక్కారు. దర్శకుల సంఘం ఆయన వెనక నిలబడింది, విద్యార్థులు వీధుల్లోకొచ్చారు. ఆయన సినిమాలు అర్థం కావు, డబ్బు రావు, మా పరువు పోతోంది అన్నది కంపెనీ అధ్యక్షుడు హోరి క్యూసాకు వాదన.

కేసు నడుస్తుండగానే 1970లో కొత్త కాపీరైట్ చట్టం వచ్చింది. 16వ సెక్షన్ దర్శకుణ్ణి సినిమా కర్తల్లో ఒకడిగా లెక్కేస్తుంది, 29వ సెక్షన్ హక్కును నిర్మాతకు అప్పగిస్తుంది. (మన చట్టమైతే కర్త అన్న మాటే నిర్మాతకు ఇచ్చేసింది.) 1971 డిసెంబర్ 24న రాజీ కుదిరింది. సుజుకీ అడిగింది 73.8 లక్షల యెన్లు, చేతికొచ్చింది 10 లక్షలు, ఒక క్షమాపణ. రెండు సినిమాల ప్రింట్లు జాతీయ మ్యూజియం ఫిల్మ్ సెంటర్‌కు చేరాయి. రాజీలో సినిమాల హక్కుల ఊసు లేదు.

కోర్టుకెక్కినవాడికి మరే స్టూడియో పని ఇవ్వలేదు. తర్వాతి సినిమా 1977లో గానీ రాలేదు. 1980లో ఆయన ‘జిగోయినర్‌వైజెన్’కు థియేటర్లు మొహం చాటేస్తే, నిర్మాత అరాతో గెంజిరో గాలి నింపే డేరా ఒకటి తెచ్చి, 144 నిమిషాల ఆ సినిమాను అందులోనే ఆడించారు. ఆ ఏటి ఉత్తమ చిత్రంగా ‘కినెమా జుంపో’ పత్రిక దాన్నే ఎంచింది.