ఉష్ణమండలం మొక్కే, మన ఎండకు కాదు

హనుమకొండలో మా బాల్కనీలో ఒక గాజు పెట్టె ఉంది. అందులో తడి నాచు మీద లెపాంథీస్ కలోడిక్టియాన్ అనే బుల్లి ఆర్కిడ్ పెట్టాను. ఆకు బొటనవేలంత. లేతాకుపచ్చ మీద ముదురు గోధుమ గీతలు, వల పరిచినట్టు. ఆకును ఆనుకునే పువ్వు, పెసరగింజంత. ఏప్రిల్ చివర్లో ఆకు అంచు నల్లబడింది. మే సగానికి ఆకులన్నీ రాలిపోయాయి. ‘ట్రాపికల్ మొక్క సార్, మీ ఎండకు ఢోకా లేదు’ అన్నాడు ఆన్‌లైన్‌లో అమ్మినతను.

అతను పూర్తిగా అబద్ధం చెప్పలేదు. ఈ మొక్క సొంతూరు దక్షిణ అమెరికాలోని ఈక్వడార్, కొలంబియా. వరంగల్ 18 డిగ్రీల ఉత్తర అక్షాంశం మీద ఉంది కాబట్టి లెక్కకు మనదీ ఉష్ణమండలమే. తేడా అంతా ఎత్తులో ఉంది. అక్కడి అండీస్ పర్వతాల వాలులో మబ్బు చెట్ల మధ్య నుంచే పోతుంటుంది, కొమ్మల మీద నాచు ఆరదు. మన లక్నవరం చెరువు మీద డిసెంబర్ పొద్దున కమ్మే మంచు ఎండెక్కగానే పోతుంది. అండీస్‌లో ఏడాదంతా అదే వాతావరణం. కూలర్ పక్కన పెట్టి చూశాను, పగలు కొంత తట్టుకుంది. కానీ మన మే రాత్రులు చల్లబడవు. పగలు చేసుకున్న తిండి రాత్రి వేడికే ఖర్చైపోతుంది.

ఈ తప్పు నాకంటే ముందు ఇంగ్లిష్‌వాళ్లు చేశారు. లెపాంథీస్ ప్రజాతికి పేరు పెట్టింది స్వీడన్‌కు చెందిన ఓలోఫ్ స్వార్ట్జ్, 1799లో. మన మొక్కకు 1861లో లండన్‌లోని క్యూ వృక్షశాస్త్ర తోట అధిపతి విలియం హుకర్ ‘అందమైన వల’ అనే అర్థంతో పేరు పెట్టాడు. అప్పటికి ఇంగ్లండ్‌లో ఆర్కిడ్ పిచ్చి ముదిరి ఉంది. నథానియల్ వార్డ్ కనిపెట్టిన గాజు పెట్టె (నా పెట్టెకు ముత్తాత అనుకోండి) ఓడల్లో మొక్కల్ని బతికించి తెచ్చేది. తీరా తెచ్చాక, ఉష్ణమండలం అంటే వేడే కదా అని, కొండ ఆర్కిడ్లను కూడా కిటికీలు మూసిన వేడి గదుల్లో ఉడకబెట్టేవాళ్లు. చల్లటి గాలి కావాలని అర్థమయ్యేసరికి లెక్కలేనన్ని మొక్కలు పోయాయి. పోయినకొద్దీ అడవి నుంచి మళ్లీ పీకి తెచ్చారు.

ఆర్కిడ్ విత్తనం ధూళిలా ఉంటుంది, అందులో తిండి నిల్వ ఉండదు. అడవిలో ఒక రకం బూజు సాయం చేస్తేనే మొలుస్తుంది. 1922లో అమెరికా వృక్షశాస్త్రవేత్త లూయిస్ నుడ్సన్ చక్కెర కలిపిన జెల్లీ మీద, బూజు లేకుండానే మొలకెత్తించి చూపాడు. సీసాల్లో మొక్కలు పెంచే దారి అప్పుడు దొరికింది. అయినా అడవి సరుకు ఆగలేదు. అడవి మొక్కలు, జంతువుల అంతర్జాతీయ వ్యాపారాన్ని అదుపు చేసేందుకు 1975లో అమల్లోకి వచ్చిన సైటిస్ ఒప్పందం ఆర్కిడ్ కుటుంబం మొత్తాన్నీ తన పట్టీలో పెట్టుకుంది. భారత్ 1976లో చేరింది. విదేశం నుంచి తెప్పించాలంటే సైటిస్ అనుమతికి తోడు, 2003 నాటి ప్లాంట్ క్వారంటైన్ ఉత్తర్వు ప్రకారం దిగుమతి పర్మిట్, మొక్కకు తెగులు లేదన్న సర్టిఫికెట్ కూడా ఉండాలి.

నేను కొన్న మొక్కకు అవేమైనా ఉన్నాయా? అడగలేదు. ఫొటో చూసి డబ్బు పంపేశాను.

మనకూ ఆర్కిడ్లున్నాయి. ఏటూరునాగారం వైపు అడవుల్లో చెట్ల కొమ్మలకు లావాటి వేళ్లతో పట్టుకుని కనిపించేది వాండా టెసెలేటా. చెట్టు మీద పెరిగేదేదైనా బదనికే అనేస్తారు గానీ, ఇది చెట్టు రసం పీల్చదు, ఊరికే కూర్చుంటుంది. సామర్లకోటలో పనిచేసిన వృక్షశాస్త్రవేత్త విలియం రాక్స్‌బర్గ్ 1795లో దీన్ని లోకానికి చూపాడు. పువ్వు మీది గళ్లను బట్టే ఆ పేరు. దళసరి ఆకు, నీటిని దాచుకునే వేరు. మన మే నెలను అది కొమ్మ మీదే గడిపేస్తుంది.