ఆ నల్ల మచ్చ ఏంటి తాతా అని అడిగారు కదా

చిన్నోడా, బుజ్జమ్మా,

దసరా సెలవుల్లో నా ఫోన్‌లో ముగ్గురం చూసిన ఆ కార్ల యానిమేషన్ సినిమా గురించే ఈ ఉత్తరం. ఎర్ర చుక్కలు, పసుపు గీతలు, గడగడమని చప్పుడు, చివర్లో ఓ నల్ల మచ్చ, పది నిమిషాల్లో అయిపోయింది. "హీరో లేడు, మాటల్లేవు, ఇదేం సినిమా తాతా" అని లేచిపోయారు. నిజానికి నా బుర్రకీ ఎక్కలేదు, కానీ తాతను కదా, తెలిసినట్టు తలూపాను.

ముందు ఓ లెక్క చెప్తా. సినిమాలో సెకనుకు 24 ఫ్రేములు, అంటే కదలని ఫోటోల్లాంటివి, పరిగెడతాయి. ఒక్కో బొమ్మను రెండేసి ఫ్రేములు ఉంచినా పది నిమిషాలకు 7,200 బొమ్మలు కావాలి. అన్ని గీసినవాడు కారుకి తలుపు, అద్దం పెట్టడం చేతకాక వదిలేశాడనుకోకండి, కావాలనే తీసేశాడు. కెనడాలో నార్మన్ మెక్‌లారెన్ అనే ఆయనైతే కెమెరా కూడా లేకుండా నేరుగా ఫిల్మ్ మీదే బొమ్మలు గీసేవాడు, ఫిల్మ్ అంచున గీతలు గీసి శబ్దం కూడా పుట్టించాడు! (మీ డ్రాయింగ్ మాస్టారికి చెప్పి చూడండి.)

మధ్యలో ఒకే డబ్బా ఆకారం వరసగా వస్తూనే ఉంటుందే, అక్కడ నాకు ఫోర్డ్ కార్ల ఫ్యాక్టరీ గుర్తొచ్చింది. 1913లో వాళ్లు కదిలే వరస పెట్టాక మనిషి కారు దగ్గరికి వెళ్లడం పోయి కారే మనిషి ముందుకొచ్చింది, పన్నెండు గంటలు దాటే చాసిస్ (కారు కింది చట్రం) బిగింపు గంటన్నరకు దిగింది. ఒక్కో మనిషికి ఒక్కటే పని, రోజంతా అదే. అక్కడ మీకు విసుగొచ్చిందన్నారు, రావాలనే అలా తీసుంటారు. అయినా కాస్త తగ్గించాల్సింది.

నిన్న శ్రీకాకుళంలో ఏడు రోడ్ల కూడలి దగ్గర, స్నేహితుడి మేడ మీద టీ తాగుతూ కిందికి చూశాను. చీకటి పడింది. బండ్లు కనపడలేదురా, వెళ్లేవి ఎర్ర చుక్కలు, వచ్చేవి తెల్ల చుక్కలు, ఒకటే హారన్లు. అందులో ఆసుపత్రికి పోయేదెవరో, పెళ్లికి పోయేదెవరో ఏం తెలుస్తుంది? అచ్చం మన సినిమాయే.

ఆ చుక్కల్లో ఒకచోట నల్లగా ఏదో కదిలింది, అది జరిగే కొద్దీ వెనక లైట్లు ఆరి మళ్లీ వెలుగుతున్నట్టు కనపడ్డాయి. కళ్లజోడు తుడుచుకుని చూస్తే కొబ్బరిబొండాల సైకిలు. లైటు లేదు, బరువుకి తొక్కలేక నెట్టుకుంటూ పోతున్నాడు.

సినిమా చివర్లో నల్ల మచ్చ కనపడితే "నీ ఫోన్ స్క్రీన్ పాడైందా తాతా" అన్నావు కదరా చిన్నోడా, ఫోన్ బాగానే ఉంది. సంక్రాంతికి వచ్చినప్పుడు మళ్లీ పెడతాను, ఆ మచ్చ ఎక్కడ మొదలవుతుందో మీరే పట్టుకోండి.

మీ తాత