మైనస్ కనబడగానే గుర్తు తిప్పకండి: అసమీకరణాల్లో అపోహలు, వాస్తవాలు

అసమీకరణాల (<, > గుర్తులతో రెండు వైపులను పోల్చే లెక్కల) దగ్గర తడబడే పిల్లల్లో చాలామందికి కూడికలు, గుణకారాలు బాగానే వచ్చు. "మైనస్ వస్తే గుర్తు తిప్పాలి, అంటే <ను >గా, >ను <గా మార్చాలి" అన్న సగం సూత్రమే వాళ్లను ముంచుతోంది. లెక్కల టీచరుగా నన్ను బాగా బాధపెట్టే విషయమిది, ఎందుకంటే మిగతా సగం చెప్పడానికి ఒక్క పీరియడ్ చాలు.

కింది లెక్కల్లో తెలియని సంఖ్యను "క" అంటాను.

అపోహ: ఎక్కడ మైనస్ ఉన్నా గుర్తు తిరగబడుతుంది.

వాస్తవం: రెండు వైపులనూ ఋణసంఖ్యతో గుణించినప్పుడు, భాగించినప్పుడు మాత్రమే తిరగబడుతుంది. 2క < −6లో మైనస్ ఉంది, కానీ మనం భాగించేది 2తో. కాబట్టి క < −3, గుర్తు కదలదు. క − 7 > −10లో రెండు మైనస్‌లు ఉన్నాయి. రెండు వైపులా 7 కలిపితే క > −3 వస్తుంది, ఇక్కడా గుర్తు అలాగే ఉంది. −2క < 6లో మాత్రం −2తో భాగించాలి, అందుకే క > −3. మైనస్ కోసం వెతకడం మాని, దేనితో భాగిస్తున్నామో చూడమని పిల్లలకు చెప్పండి.

అపోహ: గుర్తు ఎందుకు తిరుగుతుందో తెలియనక్కర్లేదు, బట్టీ పడితే చాలు.

వాస్తవం: కారణం తెలియని పిల్లవాడు పరీక్షలో ఊహించి రాస్తాడు. సంఖ్యారేఖ గీసి చూపించండి. −1తో గుణిస్తే ప్రతి సంఖ్యా సున్నాకు అవతలి పక్కకు, అంతే దూరానికి వెళ్తుంది. కుడివైపు దూరంగా ఉన్న 5, ఎడమవైపు కూడా దూరంగానే ఉంటుంది. అందుకే 2 < 5 అయినా, −2 > −5. క్రీ.శ. 628లో గణితవేత్త బ్రహ్మగుప్తుడు బ్రాహ్మస్ఫుటసిద్ధాంతం అనే గ్రంథంలో ధనసంఖ్యలను ఆస్తిగా, ఋణసంఖ్యలను అప్పుగా తీసుకుని నియమాలు రాశాడు. రెండు వేల అప్పున్నవాడి పరిస్థితి ఐదు వేల అప్పున్నవాడి కంటే మెరుగని ఏ పిల్లవాడైనా చెప్పగలడు.

గుర్తు తిప్పకుండానే ఇదే సంగతి తేల్చవచ్చు. 3 − 2క < 11 తీసుకోండి. రెండు వైపులా 2క కలిపితే 3 < 11 + 2క. 11 తీసేస్తే −8 < 2క. 2తో భాగిస్తే −4 < క. ఎక్కడా ఋణసంఖ్యతో భాగించలేదు. ఇప్పుడు రెండో దారి: ముందే 3 తీసేస్తే −2క < 8. గుర్తు తిప్పితే క > −4, అదే జవాబు. తిప్పకపోతే క < −4 వచ్చి, ఒకే లెక్కకు రెండు విరుద్ధమైన జవాబులు మిగులుతాయి. కొత్తగా నేర్చుకునేవారికి నేను మొదటి దారినే చూపిస్తాను.

అపోహ: −క అంటే ఋణసంఖ్యే.

వాస్తవం: క విలువ −4 అయితే −క విలువ 4. −క > 3 చూసి "సాధన లేదు" అని రాసేస్తుంటారు. ఉంది: క < −3.

అపోహ: ఒక విలువ పెట్టి చూస్తే సరిపోతుంది.

వాస్తవం: −2క < 6కు ఒకరు పొరపాటున క < 3 అని రాశారనుకుందాం. 0 పెడితే 0 < 6 నిజమే, జవాబు సరైనదనిపిస్తుంది. −5 పెట్టండి: 10 < 6 అబద్ధం. అయినా −5 మాత్రం 3 కంటే చిన్నదే! కాబట్టి ముందు జవాబులోని హద్దు సంఖ్యను (ఇక్కడ 3) పెట్టి రెండు వైపులూ సమానమవుతున్నాయో లేదో చూడాలి, ఆ తర్వాత దానికి అటూ ఇటూ ఒక్కో సంఖ్యను పరీక్షించాలి.

అపోహ: హారంలో క ఉంటే, రెండు వైపులా కతో గుణించి తీసేయవచ్చు.

వాస్తవం: మంచి మార్కులు తెచ్చుకునేవారు కూడా ఇక్కడ పడిపోతారు. 6/క < 2 లెక్కలో కతో గుణించి, 6 < 2క కాబట్టి క > 3 అంటారు. మరి క = −1 అయితే? −6 < 2, అదీ నిజమే. క ధనమో ఋణమో తెలియకుండా గుణించడం వల్ల ఋణసంఖ్యలన్నీ జవాబులోంచి జారిపోయాయి. క ధనమైతే క > 3. క ఋణమైతే గుర్తు తిరిగి 6 > 2క, అంటే క < 3; ఋణసంఖ్యలన్నీ 3 కంటే చిన్నవే కనుక అన్నీ సరిపోతాయి. పూర్తి జవాబు: క < 0 లేదా క > 3. ఇలాంటి లెక్కల్లో సున్నాను ముందే పక్కనబెట్టించి, రెండు సందర్భాలనూ విడివిడిగా రాయించండి.